బిడ్డకు ఏ పేరు పెడదాం?



జ్ఞానస్నాన సంస్కారం గుడి వాకిట్లో ఒక ప్రశ్నతో మొదలవుతుందని మీరెరుగుదురు. గురువు తల్లిదండ్రులను మొట్టమొదట అడిగేది బిడ్డ పేరు. నీళ్ళు, తైలం, కొవ్వొత్తి అన్నీ ఆ తరువాతే. చాలా ఏళ్ళు ఆ ప్రశ్నను నేను ఏదో ఆనవాయితీగా అడుగుతూ వచ్చాను. కొంతకాలం క్రితం వచ్చిన ఒక జవాబు నన్ను ఆలోచనలో పడేసింది. ఈ వారం పాఠం దాని గురించే.

మన నెల్లూరు తీరంలో, బకింగ్‌హాం కాలువకు అవతల ఉన్న ఒక పల్లె. ఊరి పేరు, మనుషుల పేర్లు చెప్పను. ఒక యువకుడు, అతని భార్య తమ తొలిచూలు మగబిడ్డ జ్ఞానస్నానం గురించి మాట్లాడడానికి వచ్చారు. వెంట అతని తల్లి కూడా ఉంది. పేరేమిటని అడిగాను. "థోర్" అన్నాడతను. బొమ్మల పుస్తకాల్లో సుత్తి పట్టుకొని ఉరుములు కురిపించే వీరుడి పేరది. చిన్నప్పుడు ఆ పుస్తకాలు అద్దెకు తెచ్చుకొని చదివేవాడట. అవ్వకు ఆ మాట నోరు తిరగలేదు. "తోరమా? నోముకు చేతికి కట్టుకునేదా సామీ?" అని అడిగింది. ఆమె కోరిక వేరు. తుఫానులో సముద్రం మీదికి వెళ్ళి తిరిగిరాని తన భర్త పేరు చిన్నప్ప. ఆ పేరు మనుమడికి రావాలని ఆమె ఆశ.

నేను తొందరపడ్డాను. "ఇది దేవాలయం, సినిమా హాలు కాదు. మంచి పేరు తీసుకొని రండి" అన్నాను. వాళ్ళు మారు పలకకుండా వెళ్ళిపోయారు. ఆదివారం రాలేదు, ఆ పై ఆదివారమూ రాలేదు. పేరు కాపాడబోయి బిడ్డను పోగొట్టుకుంటున్నానా అని అప్పుడు భయం వేసింది. చదివి మరచిపోయిన పుస్తకాలు మళ్ళీ తీశాను. వాటిలో కనబడింది మీతో పంచుకుంటాను.

1. శ్రీసభ ఏమంటున్నది?

1917 నాటి శ్రీసభ ధర్మశాస్త్రం 761వ నియమంలో, బిడ్డకు క్రైస్తవ నామం పెట్టేలా విచారణ గురువులు చూడాలని ఉంది. తల్లిదండ్రులు ఒప్పుకోకపోతే గురువు ఒక పునీతుని పేరు జతచేసి, రెండు పేర్లూ జ్ఞానస్నాన పుస్తకంలో రాయాలి. 1983లో వచ్చిన కొత్త ధర్మశాస్త్రం 855వ నియమంలో మాట మారింది. క్రైస్తవ భావానికి విరుద్ధమైన పేరు పెట్టకుండా తల్లిదండ్రులు, జ్ఞాన తల్లిదండ్రులు, విచారణ గురువులు జాగ్రత్తపడాలని మాత్రమే చెబుతున్నది. అనగా పునీతుల పట్టికలో లేని ప్రతి పేరూ నిషిద్ధం కాదు. 1992లో వెలువడిన కతోలిక శ్రీసభ సత్యోపదేశం 2156వ పేరా ప్రకారం, పేరు ఒక పునీతునిదైనా కావచ్చు, ఒక క్రైస్తవ పరమ రహస్యాన్నో సుగుణాన్నో తెలిపేదైనా కావచ్చు.

ఇంకొక మాట గమనించండి. పసిబిడ్డకు జ్ఞానస్నానం ఇవ్వడానికి ఏమి కావాలో 868వ నియమం చెబుతున్నది. తల్లిదండ్రుల సమ్మతి, బిడ్డ కతోలిక విశ్వాసంలో పెరుగుతుందన్న తగిన ఆశ. పేరు గురువుకు నచ్చాలన్న షరతు అందులో లేదు. 867వ నియమమైతే బిడ్డ పుట్టిన కొద్ది వారాల్లోనే జ్ఞానస్నానం ఇప్పించమంటున్నది. అది చదివినప్పుడు తప్పు నాదేనని తెలిసింది.

2. బంధువర్గంలో లేని పేరు

లూకా సువార్త మొదటి అధ్యాయం తెరవండి. ఎలిసబెతమ్మకు మగబిడ్డ పుట్టాడు. ఇరుగుపొరుగువారు, బంధువులు చేరి తండ్రి పేరు జెకర్యా అనే పెట్టబోయారు. తల్లి వద్దన్నది, యోహాను అని పెట్టాలన్నది. మీ చుట్టాల్లో ఆ పేరు ఎవరికుంది అని అందరూ ఆశ్చర్యపోయారు. నోరు మూతపడిన తండ్రి పలక అడిగి తీసుకొని అదే పేరు రాశాడు. వెంటనే అతని నోరు తెరుచుకుంది. కనుక కొత్త పేరు అన్న కారణం ఒక్కటే చూపి ఏ పేరునూ తోసిపుచ్చలేము. ఆ రోజు నేను జెకర్యాగారి బంధువుల పక్షాన నిలబడ్డాను.

ప్రభువు సైతం శిష్యులకు చిత్రమైన పేర్లు పెట్టారు. సీమోనును కేఫా, అనగా రాయి, అన్నారు. జెబెదాయి కుమారులకు ఉరుము కుమారులని అర్థమిచ్చే పేరు పెట్టినట్లు మార్కు 3:17లో చదువుతాము. ఉరుము పేరుతో పిలవబడిన ఇద్దరు జాలరులు అపోస్తలులయ్యారు.

మన పేర్లనే చూడండి. పౌలుగారిని మన పెద్దలు చిన్నప్ప అన్నారు, పౌలు అన్న లాటిను మాటకు చిన్నవాడని అర్థం కనుక. పేతురుగారిని రాయప్ప అన్నారు, ఆ పేరులో మన చెవికి రాయి వినబడుతుంది. ఇన్నాసి, ఇన్నయ్య అంటే ఇగ్నేషియస్. శౌరి అంటే ఫ్రాన్సిస్ జేవియర్. జేవియర్ అన్నది అసలు మనిషి పేరే కాదు, స్పెయినులో నవారా ప్రాంతపు ఒక కోట పేరు. బాస్కు భాషలో కొత్త ఇల్లు అని దాని అర్థం. ఈనాడు బాలశౌరి అన్న పేరు వింటే మనకు అమ్మమ్మ ఇంటి మాటలా ఉంటుంది. మొదటిసారి విన్నవారికి అదీ వింతే.

3. అన్య దేవతల పేర్లు

"థోర్ అన్య దేవుడు గదా" అని మీరు అడగవచ్చు. నిజమే. ఉత్తర ఐరోపా ప్రజలు పూర్వం కొలిచిన ఉరుముల దేవుడతడు. 1962లో మార్వెల్ సంస్థవారు అతన్ని బొమ్మల కథల్లోకి తెచ్చారు. అయితే రోమీయులకు రాసిన లేఖ 16వ అధ్యాయంలో పౌలుగారు పేరుపేరునా పలకరించినవారిలో హెర్మే ఉన్నాడు, అది గ్రీకు దేవత పేరు. అపోస్తలుల కార్యములలోని అపొల్లో పేరు అపోలో దేవుని నుండి వచ్చినదే. పునీత మార్టిన్‌గారి పేరులో రోమీయుల యుద్ధ దేవుడు మార్స్ ఉన్నాడు. వారెవ్వరూ పేరు మార్చుకోలేదు. మార్చుకున్నవారూ ఉన్నారు. 533లో పోపుగా ఎన్నికైన మెర్కూరియుస్ అనే గురువు, దేవత పేరుతో పేతురుగారి పీఠం మీద కూర్చోవడం తగదని, రెండవ జాన్ అన్న పేరు తీసుకున్నారు. పోపులు పేరు మార్చుకోవడం ఆయనతోనే మొదలైంది.

అంత దూరం ఎందుకు? ప్రభువు కడరా భోజనాన్ని స్మరించే రోజును మనం పవిత్ర గురువారం అంటాము. ఆ గురుడు బృహస్పతి. ఇంగ్లీషువారి థర్స్‌డేలో ఉన్నది ఈ థోరే. రెంటినీ శ్రీసభ తన ఆరాధనలోకి తెచ్చుకున్నది.

నన్ను ఎక్కువగా కదిలించింది మరొకటి. 1133లో ఐస్‌లాండులో పుట్టి, 1193లో మరణించిన ఒక బిషప్పుగారి పేరు థోర్లాక్. తండ్రి పేరు థోర్హాల్. రెండు పేర్లలోనూ థోర్ ఉన్నాడు. రెండవ జాన్‌పాల్ పోపుగారు 1984లో ఆ థోర్లాక్‌ను ఐస్‌లాండు దేశానికి పాలక పునీతునిగా ప్రకటించారు. ఆయన పండుగ డిసెంబరు 23. నేను సినిమా హాలుకు పంపిన పేరు శ్రీసభ పంచాంగంలోనే ఉన్నది.

బొమ్మల పుస్తకాలనూ చులకన చేయనక్కరలేదు. థోర్ కథలు వేసిన ఆ మార్వెల్ వారే 1980లో అస్సీసి పునీత ఫ్రాన్సిస్‌గారి జీవితాన్ని, 1982లో రెండవ జాన్‌పాల్ పోపుగారి జీవితాన్ని, 1984లో మదర్ తెరెసా జీవితాన్ని బొమ్మల కథలుగా వేశారు. 1938లో వచ్చిన సూపర్‌మాన్‌ను సృష్టించినవారు ఇద్దరు యూదు యువకులు. ఆ వీరుని సొంత పేరు కాల్-ఎల్. మిఖాయేలు, గబ్రియేలు, దానియేలు పేర్ల చివర ఉన్న ఏలు అన్న హెబ్రూ మాటకు దేవుడని అర్థం. హాలీవుడ్ నటుడు నికోలస్ కేజ్ 2005లో తన కుమారునికి కాల్-ఎల్ అనే పెట్టుకున్నాడు.

4. పేరు చేసే పని

సెమినరీలో తత్త్వశాస్త్రం చదివే రోజుల్లో ప్లేటో రాసిన క్రాటిలస్ సంవాదం పాఠంగా ఉండేది. పేరుకూ వస్తువుకూ సంబంధం సహజమా, లేక మనుషులు కుదుర్చుకున్న ఒప్పందమా అని అందులో వాదం. 1970లో సోల్ క్రిప్కే అనే అమెరికా తత్త్వవేత్త ప్రిన్స్‌టన్‌లో చేసిన ప్రసంగాలలో మరో దారి చూపాడు. పేరు మనిషిని వర్ణించదు, చూపుతుంది. ఎవరో ఒకరు ఒకరోజు ఆ పేరు పెడతారు, విన్నవారు మరొకరికి అందిస్తారు, అలా గొలుసుకట్టుగా సాగుతుంది. ఆ మొదటి ఘట్టానికి ఆయన వాడిన మాట జ్ఞానస్నానమే.

మనకు పనికివచ్చే సంగతి ఇందులో ఉంది. పేరులో బలం ఉన్నంత మాత్రాన బిడ్డకు బలం రాదు. ఆ పేరును ఎవరు, ఎంత ప్రేమగా పిలుస్తూ వచ్చారన్నదే మిగులుతుంది. మన ఊళ్ళలో పుట్టిన బిడ్డలు దక్కనప్పుడు, తరువాతి బిడ్డను పెంటకుప్ప మీద దొర్లించి పెంటయ్య అనీ కుప్పయ్య అనీ పేరు పెట్టేవారు. చావు చూపు పడకూడదని తల్లి పడిన ఆరాటం ఆ పేరులో ఉంది. రాహేలు చనిపోతూ బిడ్డకు బెనోని, అనగా నా దుఃఖపు కుమారుడు, అని పేరు పెట్టింది. యాకోబు దాన్ని బెన్యామీను అని మార్చాడు (ఆదికాండము 35:18). తల్లి దుఃఖాన్ని బిడ్డ జీవితమంతా మోయకూడదని ఆ తండ్రి తలచాడేమో.

5. పేరులో దాగిన గాయం

ఇవన్నీ చదివి, ఒక సాయంత్రం వాళ్ళ ఇంటికి వెళ్ళాను. క్షమించమని అడిగి, ఆ పేరే ఎందుకు అని మొదటిసారి నిజంగా విందామని అడిగాను. ఆ యువకుడు చెప్పాడు: "పేరు చెప్పగానే మా కులం ఏందో లెక్క కట్టేస్తారు ఫాదర్. మా నాయన పేరు వింటే ఒక లెక్క, నా పేరు వింటే ఇంకో లెక్క. వీడి పేరు వింటే ఎవరికీ ఏమీ తెలీకూడదు. అంతే."

నాకు నోట మాట రాలేదు. ఈ జిల్లాలోనే అలగానిపాడులో 1913లో పుట్టిన పుచ్చలపల్లి సుందరరామిరెడ్డి, పేరు చివరి కులాన్ని తీసేసి సుందరయ్యగా బతికారు. అది పైకులంలో పుట్టినవారికి దొరికిన త్యాగం. కింద ఉంచబడినవారికి పేరు వేరే చిక్కు తెస్తుంది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు షెడ్యూల్డు కులాల గుర్తింపును హిందువులకే పరిమితం చేసింది. 1956లో సిక్కులకు, 1990లో బౌద్ధులకు అది వర్తించింది. క్రైస్తవ దళితులకు అందులో చోటు దొరకలేదు. అందుకే మన విచారణల్లో ఎందరికో గుడిలో ఒక పేరు, బడిలో మరొక పేరు. జ్ఞానస్నాన పుస్తకంలో ఉన్న పేరును బయట చెప్పుకోలేని బిడ్డలను ఎరిగి ఉండి కూడా, నేను పేరు పవిత్రత గురించి ఉపన్యాసం ఇవ్వబోయాను.

6. తల్లిదండ్రులకు నాలుగు మాటలు

ఒకటి: పేరు బిడ్డకు ఇచ్చే కానుక. మీ సరదా కొంత ఉండవచ్చు, కాని మోసేది వాడు. బడిలో తోటివారు దాన్ని ఎలా విరిచి పిలుస్తారో ముందే నోటితో అని చూసుకోండి. థోర్‌ను చోర్ చేయడానికి పిల్లలకు ఒక్క నిమిషం చాలు.

రెండు: ఇంట్లో అందరికన్న పెద్దవారు ఆ పేరు పిలవగలగాలి. అవ్వ పిలవలేని పేరు సగం పేరే.

మూడు: ఆ పేరు వెనుక ఉన్న కథ బిడ్డకు చెప్పదగినదై ఉండాలి. క్రూరత్వాన్నో దైవదూషణనో పొగిడే పేరు ఎంత కొత్తదైనా వద్దు.

నాలుగు: కాగితాలు ఒక్కటిగా ఉంచండి. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం ప్రకారం, పేరు లేకుండా నమోదైన బిడ్డకు తరువాత పేరు చేర్పించవచ్చు. పన్నెండు నెలలలోపు రుసుము లేదు. 2023 అక్టోబరు 1న గానీ ఆ తరువాత గానీ పుట్టినవారికి బడిలో చేరడం మొదలు ఎన్నిటికో జనన ధ్రువపత్రమే ఆధారం. గుడి పుస్తకంలో, ధ్రువపత్రంలో, ఆధార్‌లో అక్షరం తేడా లేకుండా చూసుకోండి. పెళ్ళి ప్రకటనల వేళ ఆ తేడా ఎంత ఇబ్బందో మా గురువులకు తెలుసు.

ముగింపు

ఆ బిడ్డకు జ్ఞానస్నానం ఇచ్చాను. గుడి వాకిట్లో పేరేమిటని అడిగితే తండ్రి "థోర్ చిన్నప్ప" అన్నాడు. అవ్వ ముందే ఒప్పుకున్నది. ఉరుములవాడి పక్కన చిన్నవాడు. తన బలహీనతలోనే తాను బలవంతుడనని కొరింతీయులకు రాసిన పౌలుగారు దాన్ని కాదంటారని నేననుకోను. అవ్వ వాణ్ణి చిన్నా అని పిలుస్తున్నది, తండ్రి థోర్ అంటున్నాడు. వాడు రెంటికీ పలుకుతున్నాడు.

దర్శన గ్రంథం 2:17లో, జయించినవారికి దేవుడు తెల్లని రాతిమీద రాసిన కొత్త పేరు ఇస్తాడని చదువుతాము. మనం పెట్టే పేర్లన్నీ ఆ పేరు వచ్చేదాకా తాత్కాలికాలే. ఆయన మనలను ఏ కులం అని అడగకుండా పిలుస్తాడు. అంతదాకా మనమూ ఒకరినొకరం అలా పిలుచుకోవడం నేర్చుకుందాము.

కుటుంబంలో ఆలోచించడానికి:

1. మీకు మీ పేరు ఎవరు పెట్టారు? ఎందుకు పెట్టారో ఎప్పుడైనా అడిగారా?
2. మీ పేరుగల పునీతుని పండుగ ఏ రోజు? మీ ఇంట్లో ఆ రోజు ఏమి చేస్తున్నారు?
3. కొత్తగా పరిచయమైనవారి పేరు వినగానే మీ మనసు వారి కులాన్ని వెతుకుతుందా? ఈ వారం ఒక్కసారైనా దాన్ని ఆపి చూడండి.