జంపఖానాకు చెదలు

దసరా పండుగకు ఇల్లు దులుపుతున్నారు. కోడలు మూలన మడత పెట్టిన జంపఖానాను ఎత్తబోయింది. అది రాలేదు. అడుగు మడత నేలకు అంటుకుంది. గట్టిగా లాగితే చిరిగింది. మట్టి రాలింది. తెల్లని పురుగులు పరుగెత్తాయి.

"అత్తమ్మా, ఇటు రా! జంపఖానాకు చీమలు పట్టినయి."

అత్తమ్మ వంగి చూసింది. "చీమలు కాదు బిడ్డా, చెదలు. మడతల నడుమ బ్యాంకు పుస్తకం పెట్టినవు కదా, ఏది?"

పుస్తకం సగమే మిగిలింది.

ఆ జంపఖానా వరంగల్ కొత్తవాడలో నేసింది. మంచి నూలు. ఆ నూలే చెదలకు తిండి. చెదలు కట్టెను తింటాయని అందరికీ తెలుసు. కట్టెలో ఉండే పీచే నూలులోనూ ఉంది. గోనెసంచిలో, తుంగచాపలో, కాగితంలో కూడా ఉంది. అందుకే వేటినీ వదలవు. ఏలూరు తివాచీకి పైన ఉన్ని ఉంటుంది, లోపల నూలు ఉంటుంది. పైన బాగానే కనబడుతుంది, అడుగున నూలు పోతుంది. కాబట్టి తివాచీని తిరగేసి చూడాలి. పైన ఉన్ని మాత్రమే ఊడి, ఎక్కడా మట్టి లేకపోతే అది చెద కాదు. ఉన్నిని తినే పురుగు వేరే ఉంది.

చెదకు అసలు గుర్తు మట్టి. చెద ఒళ్ళు మెత్తన. ఎండ తగిలితే ఎండి చస్తుంది. అందుకే మట్టితో సన్నని గొట్టం కట్టుకుని, దాని లోపల నడుస్తుంది. గోడ మూలన, గడప పక్కన పెన్సిలంత లావున మట్టి గీత కనబడితే అదే దాని దారి. చీమకు నడుము సన్నం. చెదకు నడుము తెలియదు. తొలకరి వానకు దీపం చుట్టూ ముసిరే ఉసిళ్ళు కూడా రెక్కలొచ్చిన చెదలే.

"చేనుకు తెచ్చిన మందు ఉంది. జంపఖానా మీద చల్లుదాం" అన్నాడు కొడుకు.

"పసిపిల్ల పండేది దాని మీదనే కదరా!" అంది అత్తమ్మ.

అత్తమ్మ అన్నది నిజం. చేను మందు పడక మీద, చాప మీద చల్లకూడదు. వెనకటికి గమాక్సిన్ పొడి చల్లేవాళ్ళు. దాన్ని మన దేశంలో 1997లో నిషేధించారు. కిరోసిన్ పోస్తే కనబడిన పురుగులే చస్తాయి, పైగా నిప్పు భయం.

మరి ఏం చేయాలి? జంపఖానాను బయటికి తీసి కర్రతో కొట్టాలి. రెండు మూడు రోజులు తిరగేస్తూ మంచి ఎండలో వేయాలి. కానీ ఇది సగం పని కూడా కాదు. చెదలు జంపఖానాకు తిండికి వస్తాయి, అంతే. వాటి కాపురం నేల లోపల. అక్కడ రాణి చెద రోజుకు వేల గుడ్లు పెట్టగలదు. పైన వంద పురుగులను చంపితే ఏం లాభం?

దారి వెతకాలి. మట్టి గొట్టాన్ని ఒకచోట విరగ్గొట్టి వదిలేయండి. రెండు రోజులకు మళ్ళీ చూడండి. తిరిగి కట్టుకుంటే లోపల చెదలు ఉన్నట్టే. గొట్టం ఏ పగులులోంచి వచ్చిందో చూసి, మట్టి గీకేసి, సిమెంటుతో పూడ్చాలి. చెదలకు తడి కావాలి. ఆ గోడకు అవతల స్నానాల నీళ్ళు నిలుస్తున్నాయా? వంటచెరకు గోడకు ఆనించి పేర్చారా? ముందు వాటిని సరిచేయాలి. అయినా మళ్ళీ వస్తే చెదల మందు కొట్టే పని తెలిసినవాళ్ళను పిలిపించాలి. మందు పోయాల్సింది నేలలో, గోడ మొదట్లో. చాప మీద కాదు.

కాగితాలను మడతల్లో, పరుపు కింద పెట్టవద్దు. ఇనుప పెట్టెలో పెట్టి, పెట్టెను బల్ల మీదికి ఎక్కించండి. నెలకోసారి తెరిచి చూడండి.

బ్యాంకు పుస్తకం పాడైతే డబ్బు పోదు. లెక్క బ్యాంకులో ఉంటుంది. మిగిలిన ముక్కలను పారేయకుండా ఒక కవరులో పెట్టండి. కొత్త పుస్తకం కోసం అర్జీ ఇవ్వాలి. అర్జీలో పేరు, ఊరు, ఖాతా నంబరు, పుస్తకం ఎలా పాడైందీ రాయాలి. కోడలు ఆ నాలుగు ముక్కలూ తనే రాసింది. కింద వేలిముద్ర వేయలేదు. సంతకం పెట్టింది.