ధ్రువానుస్మృతి – దేహమనస్సుల పొత్తు

తలనొప్పితో సంధ్యావందనమునకు కూర్చున్నవాని మనస్సు మంత్రమునందు నిలువదు. దిగులుతో విస్తరి ముందు కూర్చున్నవానికి షడ్రసోపేతమైన భోజనమైనను రుచింపదు. దేహమును మనస్సును, మనస్సును దేహమును లాగుచుండుట ఎల్లరకును అనుభవసిద్ధము. అట్లయినచో మోకాళ్లు వంగక, జ్ఞాపకము నిలువని వార్ధక్యమున భగవద్ధ్యానము సాగుటెట్లు? జీవితమంతయు చేసిన సాధన చివరకు వ్యర్థమగునా? పెక్కు గృహములలో పెద్దలను బాధించు ఈ సందేహమునకు శాస్త్రమునందు సమాధానము కలదు.

ఛాందోగ్యోపనిషత్తు ఆఱవ ప్రపాఠకమున ఉద్దాలకుడు తన కుమారుడగు శ్వేతకేతువునకు మనస్సు అన్నమయమని ఉపదేశించెను. భుజించిన అన్నమున స్థూలభాగము మలమగును, మధ్యమభాగము మాంసమగును, సూక్ష్మభాగము మనస్సగును. ఇది అనుభవముచే తెలియవలెనని తండ్రి కుమారుని 15 దినములు అన్నము మాని నీరు మాత్రము త్రాగుచుండుమనెను. పిదప వేదము చెప్పుమనగా, 12 సంవత్సరములు గురుకులమున చదివిన ఆ బ్రహ్మచారికి ఏమియు స్ఫురింపలేదు. భుజించి వచ్చిన పిమ్మట అడిగినదెల్ల చెప్పగలిగెను. మిణుగురు పురుగంత మిగిలిన నిప్పుకణిక గడ్డి తగిలి మరల మండినట్లాయెను. ఆ 15 దినములలో శ్వేతకేతుని విద్య నశింపలేదు. దానిని వెలిగించు బలము మాత్రమే సన్నగిల్లినది. జ్ఞాపకము తగ్గినదని కృంగు వృద్ధులును, వారిని విసుగుకొను పిన్నలును ఈ భేదమును గుర్తింపవలెను.

1017లో అవతరించిన భగవద్రామానుజులు శ్రీభాష్యారంభమున మోక్షసాధనమైన జ్ఞానము ధ్యానరూపమనియు, అది తైలధారవలె తెగని స్మరణమనియు నిరూపించిరి. దానికే ధ్రువానుస్మృతి యని పేరు. ప్రీతితో కూడి ప్రత్యక్షమువలె స్పష్టమైనపుడు అదియే భక్తి. అట్టి స్మృతికి వాక్యకారుడు చెప్పిన ఏడు సాధనములను వారు వివరించిరి.

మొదటిది వివేకము. అనగా స్వభావముచే గాని, ఆశ్రయదోషముచే గాని, వెండ్రుక, ఎంగిలి మొదలగునవి తగులుటచే గాని చెడని ఆహారముతో దేహమును శుద్ధముగా నుంచుకొనుట. అన్నమే మనస్సగుచున్నది గనుక ధ్యానము వంటయింటనే ఆరంభమగుచున్నది. రెండవది విమోకము, కోరికలయందు తగులము లేకుండుట. మూడవది అభ్యాసము, ధ్యేయవస్తువును మరల మరల తలచుట. నాల్గవది క్రియ, పంచమహాయజ్ఞములను యథాశక్తిగా చేయుట. అయిదవది కళ్యాణము, సత్యము, ఆర్జవము, దయ, దానము మొదలగు గుణములు. ఆఱవది అనవసాదము, దుఃఖమును తలచి తలచి కృంగకుండుట. ఏడవది అనుద్ధర్షము, సంతోషముచే పొంగిపోకుండుట.

ఇందు మొదటిది దేహమును, కడపటి రెండును మనస్సును ఉద్దేశించినవి. కృంగుటయు పొంగుటయు స్మృతిధారను సమానముగా తెంచును. క్రియ యథాశక్తి యనుటచే, శక్తికి మించినది శాస్త్రము అడుగుట లేదని స్పష్టము.

ఆసనవిషయమునను ఇట్టి దయయే కానవచ్చును. బ్రహ్మసూత్రముల నాల్గవ అధ్యాయము మొదటి పాదమున ఉపాసన కూర్చుండి చేయవలెనని నిర్ణయింపబడినది. నిలుచుటకును నడచుటకును ప్రయత్నము కావలెను, పరుండినచో నిద్ర వచ్చును. కూర్చుండుటయందును శరీరమును నిలుపు శ్రమ లేకుండునట్లు వెనుక ఆనుకొను ఆధారము ఉండవలెనని శ్రీభాష్యము చెప్పుచున్నది. కావున గోడకు చేరబడి ధ్యానించు వృద్ధుడు ధ్యానమునకు లోపము చేసినట్లు భావింప నక్కఱలేదు. చిత్తమునకు ఏకాగ్రత ఎచట కుదురునో అదియే తగిన చోటని అచ్చటి మఱియొక సూత్రము.

ఇక నామస్మరణమునకు ఆసననియమమైనను లేదు. అలిపిరి మెట్లెక్కు యాత్రికుడు ఆయాసము వచ్చినపుడు ఆగి, ఊపిరి కుదుటపడిన పిమ్మట ఒక్కొక్క మెట్టుకు ఒక్కొక్క నామము చెప్పుకొనుచు సాగవచ్చును. వరుసలో వేచియున్న గృహిణి, మనస్సు ఇంటికి పరుగెత్తినపుడెల్ల దానిని నిందింపక మరల నామమునకు త్రిప్పుకొనవలెను. అట్లు త్రిప్పుకొనుటయే అభ్యాసము.

అయినను అంత్యకాలమున దేహము కట్టెవలె, రాయివలె పడియున్నపుడు స్మరించు శక్తి ఎవరికుండును? పెరియాళ్వార్లు ఈ భయముచేతనే, ఆనాడు తలపలేనేమో యని శ్రీరంగనాథునకు ముందుగానే విన్నవించుకొనిరి. దేహమనస్సులు స్వస్థముగా నున్నపుడు తన్ను తలచిన భక్తుడు అంత్యమున తలపలేకపోయినను, తానే అతనిని తలచి పరమగతికి చేర్తునని వరాహమూర్తి భూదేవికి మాట యిచ్చెను. ఇదియే వరాహచరమశ్లోక తాత్పర్యము.

తిరుమలలో శ్రీనివాసునికంటె ముందు పుష్కరిణీతీరమున వరాహస్వామిని సేవించుట సంప్రదాయము. ఆ సన్నిధిలో నిలిచిన భక్తుడు ఈ మాటను జ్ఞప్తికి తెచ్చుకొని, ఆరోగ్యము గల నేటి దినమునే స్మరణమునకు వినియోగించుట శ్రేయస్కరము. శక్తి ఉడిగిన పెద్దలు ఇంట నున్నచో, వారి చెవియొద్ద భగవన్నామము పలుకుట పిన్నల ధర్మము.