నేలను హత్తుకొన్న పూవు

మంచుకొండ అనగానే తెలుగువారికి మనుచరిత్రలోని ప్రవరుడు గుర్తుకు వస్తాడు. మంచునీటిలో పాదలేపనం కరిగిపోగా, ఇల్లు చేరే దారి కానక ఆయన పడిన ఆవేదన మీరెరిగినదే. మనిషి నిలువలేని అటువంటి చోట ఏడాది పొడవునా కాపురముండే మొక్కలున్నాయి. రౌలియా గ్రాండిఫ్లోరా వాటిలో ఒకటి.

ఇది హిమాలయాలది కాదు, న్యూజిలాండు పర్వతాలది. చెట్లు పెరగడం ఆగిపోయిన ఎత్తుకు పైన, రాళ్ల నడుమ చాప పరచినట్లు అల్లుకొంటుంది. మన చామంతి, బంతి, పొలంగట్ల మీది గడ్డిచామంతి దీనికి జ్ఞాతులు. 1840ల తొలినాళ్లలో ఆ దేశంలో మొక్కలను సేకరించిన ఫ్రెంచి నౌకాదళ వైద్యుడు ఎతియెన్ రౌల్ పేరే దీనికి వచ్చింది. ‘గ్రాండిఫ్లోరా’ అంటే లాటిను భాషలో ‘పెద్ద పూవు గలది’ అని అర్థం. ఆ పెద్ద పూవు వెడల్పు సుమారు ఒకటిన్నర సెంటీమీటరు! పేరు పెట్టినవారు పరిహాసమాడలేదు. తోబుట్టువులతో పోలిస్తే అది పెద్దదే.

నిజానికి దానిని ఒక పూవు అనడం కూడ సరికాదు. నడుమ గుంపుగా ఉన్న చిరుపూలే అసలైన పూలు. చుట్టూ తెల్లని రేకులవలె మెరిసేవి వాటిని కాచే పుచ్ఛాలు, అంటే ఒక విధమైన ఆకులు.

ఈ మొక్క పొట్టితనం లోపం కాదు, ఉపాయం. కొండగాలి వేగం నేలకు దగ్గరగా తగ్గుతుంది. కొమ్మలు ఒత్తుగా పెనవేసుకొన్నందువల్ల లోపలి గాలి కదలదు. ఎండ కాసినపుడు ఆ వెచ్చదనం కొంతసేపు నిలుస్తుంది. ఆకులపై వెండినూగు తేమను కాపాడుతుంది. ఎండిన ఆకులు సైతం రాలిపోక లోపలనే ఉండి, నీటిని పట్టి ఉంచుతాయి.

ఇదే ప్రజాతికి చెందిన రౌలియా ఎక్సిమియా మరీ విచిత్రమైనది. తెల్లని నూగుతో ఉబ్బి, కొన్నిచోట్ల రెండు మీటర్ల వెడల్పు దిండువలె పెరుగుతుంది. దూరం నుండి చూస్తే కొండవాలున పడుకొన్న గొర్రెయే! గొర్రెల పెంపకానికి పేరుపడిన ఆ దేశంలో దీనిని ‘శాకగొర్రె’ అనే అర్థమిచ్చే పేరుతో పిలుస్తారు.

చలిని, గాలిని ఓర్చిన ఈ మొక్కలకు బాటసారి బూటు మాత్రం గండమే. పెరుగుదల మిక్కిలి మందం గనుక నలిగిన చోటు పూడడానికి ఏండ్లు పడుతుంది. అంతకన్న పెద్ద చిక్కు వేరొకటి ఉన్నది. భూతాపం పెరిగేకొద్దీ దిగువ పొదలు పైకి ఎగబ్రాకుతాయి. ఈ మొక్కలు కూడ చలిని వెతుక్కొంటూ పైకి జరగవలసినదే. శిఖరాన్ని చేరిన తరువాత పైన కొండ లేదు.