తాళపుచెవి లేని ఇల్లు : డౌనింగు వీధి 10వ నెంబరు

రాజనీతిశాస్త్రము చదువుకొనే మన విద్యార్థులు బ్రిటిష్ మంత్రివర్గ పద్ధతిని గూర్చి పుటలకొలది వల్లె వేస్తారు. ఆ రాజ్యాంగము ఒకే గ్రంథరూపములో లేదనీ, సంప్రదాయములే దానికి ప్రాణమనీ పరీక్షలో వ్రాసి మార్కులు పొందుతారు. కాని ఆ సంప్రదాయము ఎక్కడ కాపురమున్నదని అడిగితే సమాధానము చెప్పగలవారు అరుదు. దానికి ఒక చిరునామా ఉన్నది. లండను నగరములో వైట్‌హాల్ రాజమార్గము నుండి చీలిన ఒక చిన్న వీధిలో, నల్లని తలుపు గల 10వ నెంబరు ఇల్లు అది. బ్రిటిష్ ప్రధానమంత్రికి అదే నివాసము, అదే కచేరీ. ఆ ఇంటి చరిత్రను ఆధారము చేసికొని పదవికీ, పదవిలో కూర్చున్న మనిషికీ గల భేదమును ఇక్కడ పరిశీలింపదలచినాము.

ఆ వీధికి పేరు ఇచ్చిన సర్ జార్జి డౌనింగు అంతగా గౌరవింపదగిన వ్యక్తి కాడు. చదువుకు లోటు లేదు. అమెరికాలోని హార్వర్డు కళాశాల నుండి 1642లో పట్టము పొందిన మొట్టమొదటి బృందములో అతడొకడు. రాజును వధించిన పక్షమున చేరి, క్రామ్‌వెల్ కొలువులో గూఢచారి వ్యవహారములు నడిపినాడు. గాలి మారగానే రెండవ చార్లెస్ రాజు ప్రాపు సంపాదించి, హాలండులో తలదాచుకొన్న తన పూర్వ సేనానినే 1662లో పట్టి ఇచ్చి చంపించినాడు. ఆ తరువాత 1680 దశకములో లాభాపేక్షతో ఈ వీధిలో ఇండ్లు కట్టించినాడు. అది బురదనేల; పునాదులకు లోతు లేదు. ముందు గోడకు ఇటుకల వరుసలు కుదరకపోతే, సమముగా ఉన్నట్లు కనబడుటకై పైన గీతలు గీయించినాడు. కంట్రాక్టరు అనువాడు అన్ని దేశములలోను, అన్ని కాలములలోను ఒకడే కాబోలు! అయినా ఆ వంశపు సొమ్ము చివరకు విద్యకు అక్కరకు వచ్చినది. అతని మనుమని వీలునామా ఫలితముగా 1800లో కేంబ్రిడ్జిలో డౌనింగు కళాశాల వెలసినది.

ఈ నాసిరకపు ఇంటికి ఘనత తెచ్చినది ఒక నిరాకరణము. 1732లో రెండవ జార్జి రాజు ఈ ఇంటిని, దాని వెనుకనున్న పెద్ద భవనమును కలిపి సర్ రాబర్ట్ వాల్‌పోల్‌కు సొంత ఆస్తిగా బహూకరింపబోయినాడు. నేడు తొలి ప్రధానమంత్రిగా లెక్కింపబడే వాల్‌పోల్ వేదాంతి ఏమీ కాదు. ధనము కూడబెట్టుట, తన వారికి పదవులు పంచుట ఆయనకు బాగుగా తెలిసిన విద్యలే. అటువంటి మనిషి ఆ ఇల్లు తనకు వద్దనినారు. తాను నిర్వహించుచున్న ఖజానా ప్రథమ ప్రభువు పదవికి దానిని ఇమ్మని, తన తరువాత ఆ పదవిలోనికి వచ్చువారికి అది చెందవలెనని కోరినారు. విలియం కెంట్ అను వాస్తుశిల్పి రెండు ఇండ్లను ఒకటిగా కలిపిన పిమ్మట, 1735 సెప్టెంబరు 22న వాల్‌పోల్ అందులో ప్రవేశించినారు. మన కళాశాలలో ఉర్దూ చదివే విద్యార్థులకు 'అమానత్' అను మాటను వివరింపనక్కరలేదు. తన దగ్గర ఉన్నది, తనది కానిది. అడిగిన నాడు చెక్కు చెదరకుండ అప్పగింపవలసినది. వాల్‌పోల్‌కు ఆ మాట తెలియదు గాని, చేసిన పని అదే.

ఆ తలుపుకున్న ఉత్తరముల ఇత్తడి రేకుపై నేటికీ 'ఫస్ట్ లార్డ్ ఆఫ్ ది ట్రెజరీ' అనియే చెక్కి ఉంటుంది; ప్రధానమంత్రి అన్న మాట ఉండదు. దీనికి కారణము ఉన్నది. ప్రధానమంత్రి పదవి చట్టము వలన పుట్టలేదు, వాడుక వలన పెరిగినది. బ్రిటిష్ శాసనములలో ఆ పేరు మొదటిసారి కనిపించినది 1917 నాటి చెకర్స్ ఎస్టేటు చట్టములో. అది కూడ ఒక ఇంటిని గూర్చినదే కావడము విశేషము. ఆర్థర్ లీ దంపతులు తమ పల్లెటూరి భవనమును ప్రధానమంత్రుల విశ్రాంతి కొరకు దానము చేసినప్పుడు, స్వంత జమీలు లేనివారు సైతము ఇకపై ఈ పదవికి రాగలరన్న గ్రహింపు దాని వెనుక ఉన్నది.

పూర్వము వచ్చినవారిలో అనేకులు గొప్ప ప్రభువులు. వారికి ఈ ఇల్లు ఇరుకుగా, పాతబడినదిగా తోచినది. తమ స్వంత మేడలలోనే ఉండి, దీనిని బంధువులకో సహచరులకో ఇచ్చేవారు. వారిలో మన దక్కనుకు పరిచితుడైన ఒకాయన ఉన్నాడు. 1799లో టిప్పు సుల్తాను మీదికి పోయిన నిజాము సైన్యమునకు ఆధిపత్యము వహించి, 1803లో అస్సాయే వద్ద మరాఠాలతో పోరిన ఆర్థర్ వెల్లెస్లీయే 1828లో వెల్లింగ్టన్ డ్యూకు హోదాలో ప్రధానమంత్రి అయినాడు. తన ఆప్స్‌లీ భవనము మరమ్మతులో ఉన్నందున మాత్రమే ఆయన అయిష్టముగా 10వ నెంబరులో కొంతకాలము గడిపినాడు.

1924లో లేబరు పక్షపు తొలి ప్రధానమంత్రిగా రామ్సే మెక్‌డొనాల్డ్ వచ్చినప్పుడు కథ మారినది. ఆయన స్కాట్లండులో పేద ఇంట పుట్టినవాడు. అంతవరకు వచ్చిన సంపన్నులు తమ సామానులు, వెండి పాత్రలు, దుప్పట్లు వెంట తెచ్చుకొనేవారు. పదవి కొరకు ఇల్లు ఉన్నది గాని, ఇల్లు నడుపుకొనుటకు కావలసిన సరంజామా స్వంత ఖర్చే. భార్య మరణించిన ఆ ప్రధానమంత్రికి ఇంటి బాధ్యత వహించినది కుమార్తె ఇష్బెల్. సామాగ్రి కొనుటకు ఆమె స్వయముగా దుకాణములకు తిరుగవలసి వచ్చినది. ప్రజలు ఓట్లతో తలుపు తెరిచినా, లోపలి కుర్చీలు ధనవంతులను దృష్టిలో ఉంచుకొని వేసినవే అని దీనివలన తెలియుచున్నది. ఆ మెక్‌డొనాల్డే 1931లో మంత్రివర్గ సమావేశపు గదిలో ఒక గ్రంథాలయమునకు అంకురార్పణ చేసినాడు. మంత్రులు అందుకు పుస్తకములు కానుకగా ఇచ్చుట ఆచారమయినది. మన కళాశాల కమిటీ పెద్దలు ఈ ఆచారమును గమనింతురు గాక!

యుద్ధకాలమున, 1940 అక్టోబరు 14 రాత్రి, చర్చిల్ భోజనము చేయుచు, ఏమి తోచినదో, వంటవారిని తక్షణము ఆశ్రయస్థానమునకు పొమ్మన్నారు. కొద్ది నిమిషములలో బాంబు పడి వంటగది ధ్వంసమయినది. డౌనింగు వేసిన పునాదుల దోషము మాత్రము బాంబుల కంటె ఎక్కువ హాని చేసినది. 1960 మొదలు 1963 వరకు ఇంటిని దాదాపు విప్పి తిరిగి కట్టినారు. అప్పుడు ఒక వింత బయటపడినది. నల్లని ఇటుకలని అందరు భావించినవి నిజమునకు పసుపుపచ్చనివి! రెండు శతాబ్దముల బొగ్గుపొగ వాటిని నలుపు చేసినది. శుభ్రము చేసిన ఇంటిని జనులు గుర్తింపరన్న భయముతో మరల నల్లరంగు పూసినారు. సంప్రదాయములు ఎట్లు పుట్టునో చెప్పుటకు ఇంతకంటె మంచి ఉదాహరణము మాకు తోచుట లేదు.

1991 ఫిబ్రవరి 7న ఐరిష్ తీవ్రవాదులు ప్రయోగించిన మోర్టారు గుండు, జాన్ మేజరు మంత్రివర్గము సమావేశమై ఉండగా, తోటలో పేలినది. ఆ తరువాత చెక్క తలుపు స్థానమున ఉక్కు తలుపు వచ్చినది. దానికి బయటి నుండి తాళము తీసే వీలు లేదు. లోపలి మనిషి తెరువవలసినదే. దేశమును ఏలువానికి తాను కాపురమున్న ఇంటి తాళపుచెవి ఉండదన్నమాట. 2011లో ఎలుకలను పట్టుటకు నియమింపబడిన లారీ అను పిల్లి, 2024 నాటికి అక్కడ ఆరుగురు ప్రధానమంత్రులను చూచినది. అందులో 2022లో వచ్చిన రిషి సునాక్ పూర్వులు పంజాబువారు.

అమానత్ అన్న మాట చెప్పినాము గనుక, అది చెదిరిన సందర్భమును దాచుట న్యాయము కాదు. 2020, 2021 సంవత్సరములలో కరోనా ఆంక్షల వలన ప్రజలు తమవారి అంత్యక్రియలకు సైతము పరిమిత సంఖ్యలో హాజరగుచున్న కాలమున, ఆ ఆంక్షలను జారీచేసిన ఈ ఇంటిలోనే విందులు జరిగినవి. పోలీసులు డౌనింగు వీధి, వైట్‌హాల్ సమావేశములపై 126 జరిమానాలు విధించినారు. 2022 ఏప్రిల్‌లో ప్రధానమంత్రి బోరిస్ జాన్సన్ స్వయముగా జరిమానా చెల్లించినాడు. ప్రజలకు ఆగ్రహము కలిగించినది విందు కాదు, అది జరిగిన చోటు. ఊరిలో మరే ఇంటిలో జరిగినా అది ఒక తప్పుగా మిగిలేది. ఇక్కడ నమ్మకద్రోహము అయినది.

ఇల్లు ఖాళీ చేయు విధము కూడ గమనింపదగినది. ఎన్నికలలో ఓడినవారికి అక్కడ గడువు ఉండదు. యుద్ధము గెలిపించిన చర్చిల్, 1945 జూలై 26న ఫలితములు వెలువడిన సాయంత్రమే రాజీనామా చేసినారు. అదే సాయంత్రము అధికారము పొందిన అట్లీ ప్రభుత్వమే 1947 ఫిబ్రవరి 20న భారతదేశమునకు అధికారము అప్పగింతుమని పార్లమెంటులో ప్రకటించినది.

మన దేశములో ఈ సంప్రదాయము వేరు దారి పట్టినది. నెహ్రూ 1948 నుండి నివసించిన తీన్‌మూర్తి భవనము, 1964 మే 27న ఆయన మరణించిన పిమ్మట ఆయన స్మారకమయినది. శాస్త్రి వేరొక ఇంటిలో ఉన్నారు. ఇందిరా గాంధీ నివసించి, 1984 అక్టోబరు 31న హత్యకు గురియైన సఫ్దర్‌జంగ్ రోడ్డు భవనమును కూడ స్మారకముగా ఉంచినారు. ప్రేమతో చేసిన పనులే గాని, వీటివలన ఇల్లు మనిషితో ముడిపడినది, పదవికి స్థిరమైన గుమ్మము లేకపోయినది. రాజీవ్ గాంధీ కాలము నుండి 7 రేస్‌కోర్సు రోడ్డు ఆ స్థానము పొందినది. 2016లో ఆ వీధికి లోక్ కల్యాణ్ మార్గ్ అని పేరు మార్చినారు. తీన్‌మూర్తి ఆవరణలో 2022 ఏప్రిల్ 14న ప్రధానమంత్రులందరి ప్రదర్శనశాల ప్రారంభమయినది. 1991 మొదలు 1996 వరకు రేస్‌కోర్సు రోడ్డున నివసించిన మన తెలుగువారు పి.వి. నరసింహారావు, పదవి ముగిసిన తరువాత మోతీలాల్ నెహ్రూ మార్గములోని 9వ నెంబరు ఇంటికి మారినారు. 2004 డిసెంబరు 23న కన్నుమూసేనాటికి అదే ఆయన చిరునామా.