క్రిందివారి మాట

పనిచేయుచోట ఆజ్ఞ పైనుండి క్రిందికి వచ్చును. పనిలోని మంచిచెడ్డల వార్త మాత్రము క్రిందినుండి పైకి పోవలసియుండును. ఈ రెండవ దారి మూసికొనిపోయినచో కార్యాలయములో కాగితములు నిలిచిపోవును. కర్మాగారములో యంత్రము చెడును. ఆసుపత్రిలో ప్రాణమునకే ముప్పు వాటిల్లును.

క్రిందివారు ఏల మౌనము వహింతురు? తెలియక కాదు. 'నీకేమి తెలియును?' అను మాట ఒకసారి పడినవాడు రెండవసారి నోరు విప్పడు. తప్పు తమపైననే మోపుదురేమో యను భయము కొందరికి, పెద్దలకు ఎదురు చెప్పరాదను మర్యాద మరికొందరికి అడ్డు వచ్చును. అధికారి ఈ మౌనమును సమ్మతిగా భావించును. అపాయము అచ్చటనే పుట్టును.

శస్త్రచికిత్సశాల ఇందుకు మంచి నిదర్శనము. రోగికి ఒక మందు పడదని నర్సుకు తెలిసియుండవచ్చును. గాజుగుడ్డల లెక్క కుదరలేదని సహాయకుడు గమనించియుండవచ్చును. ఆ మాట సర్జనునకు చేరనిచో వారి తెలివి రోగికి ఉపయోగపడదు.

ఇట్టి లోపములను నివారించుటకై ప్రపంచ ఆరోగ్య సంస్థ 2008లో 19 అంశముల పట్టిక నొకదానిని వెలువరించినది. మత్తు ఇచ్చుటకు ముందు, కోత పెట్టుటకు ముందు, రోగిని వెలుపలికి కొనిపోవుటకు ముందు పని ఆపి, ఆ అంశములను పైకి చెప్పి సరిచూచుకొనవలెను. కోతకు ముందు ప్రతివారును తమ పేరును, పనిని తెలుపవలెను. ఒకసారి నోరు విప్పిన చిన్న ఉద్యోగికి పిమ్మట అవసరమైనప్పుడు పలుకుట సులభమగును.

న్యూఢిల్లీతో సహా ఎనిమిది నగరముల ఆసుపత్రులలో ఈ పద్ధతిని పరీక్షించి 2009లో ఫలితములు ప్రకటించిరి. మరణములు నూటికి 1.5 నుండి 0.8కి, ఉపద్రవములు 11 నుండి 7కి తగ్గినవి. అయితే 2014లో కెనడాలోని ఆంటేరియో రాష్ట్రమునుండి వెలువడిన పరిశీలనలో, అదే పద్ధతిని ప్రవేశపెట్టిన పిమ్మటను మరణములు చెప్పుకోదగినంత తగ్గలేదు. కాగితము ఉన్నంతమాత్రమున చాలదు. పైవారికి వినుబుద్ధియు ఉండవలెను.

అధికారులు పాటింపవలసినవి:

1. ఆజ్ఞను విన్నవారిచే తిరిగి చెప్పించవలెను.
2. 'అర్థమైనదా?' అని కాక, 'ఇందులో మీకు ఏ చిక్కు కనబడుచున్నది?' అని అడుగవలెను.
3. చెడువార్త తెచ్చినవారిని పదిమందిలో మందలింపరాదు.
4. వారు చెప్పినదానిపై ఏమి చేసినదియు వారికి తెలుపవలెను.

ఉద్యోగులు పాటింపవలసినవి:

1. లోపము కనబడిన వెంటనే చెప్పవలెను.
2. చూచినది చూచినట్లు చెప్పవలెను. ఇతరులపై నిందలు చేర్చరాదు.
3. మొదటిసారి వినకున్నచో మరల చెప్పవలెను. అప్పటికిని వినకున్నచో ఆపై అధికారికి తెలుపవలెను.

అనుమానము నిజము కానిచో కొన్ని నిమిషముల కాలము మాత్రమే పోవును. నిజమైనచో ఒక ప్రాణము నిలుచును.