మిల్లీమీటరు తేడా

దబీర్‌పురా, హైదరాబాద్.

చిరంజీవి మేనకోడలికి మామయ్య ఆశీస్సులు.

పత్తర్‌గట్టీలో ముత్యాల కొట్లో పనికి కుదిరావని మీ అమ్మ చెప్పింది. చాలా సంతోషమమ్మా. పదో తరగతిలో నేర్చుకున్న గోళం ఘనపరిమాణం లెక్క ఇక నీకు రోజూ అక్కరకొస్తుంది. అందుకే ఈ ఉత్తరం.

పుస్తకంలో వ్యాసార్థం ఇస్తారు. స్క్రూగేజీ చూపించేది వ్యాసం. ఆ అంకెనే తెచ్చి సూత్రంలో వేస్తే జవాబు ఎనిమిదింతలవుతుంది. నువ్వు వ్యాసాన్నే ఘనం చేసి 0.5236తో హెచ్చించు, చాలు. 6 మిల్లీమీటర్ల ముత్యానికి 113 ఘన మిల్లీమీటర్లు వస్తుంది. ముత్యం నీటికి సుమారు 2.7 రెట్లు బరువు కనుక 305 మిల్లీగ్రాములు, అంటే ఒకటిన్నర క్యారెట్లు. అదే 8 మిల్లీమీటర్లదైతే 724 మిల్లీగ్రాములు! గేజీ 6కు బదులు 6.2 చూపినా బరువు పదో వంతు పెరిగిపోతుంది. అందుకని ప్రతి ముత్యాన్నీ తిప్పి రెండు మూడు వైపులా కొలువు.

దండ దగ్గర లెక్క మారుతుంది, ఇది బాగా గమనించు. 40 సెంటీమీటర్ల పేటలో 6 మిల్లీమీటర్లవి 66 పడతాయి, 8వి 50 మాత్రమే. ముత్యం బరువు 2.37 రెట్లయినా, పేట బరువు 1.8 రెట్లే అవుతుంది. కొనేవాళ్లు అడిగితే ఈ తేడా విడమరచి చెప్పు. మన దగ్గర నమ్మకం మీదే బేరం నిలుస్తుంది.

ఈ గోళం లెక్క మన భాషకు కొత్త కాదు. 9వ శతాబ్దిలో మహావీరాచార్యుడు రాసిన గణితసార సంగ్రహాన్ని పావులూరి మల్లన తెలుగు చేశాడు. గోళానికి మహావీరుడు వ్యాసార్థం ఘనాన్ని స్థూలంగా 4.5తో, సూక్ష్మంగా 4.05తో హెచ్చించమన్నాడు. అసలు విలువ 4.19. ఒకటి కాస్త ఎక్కువ, ఇంకొకటి కాస్త తక్కువ. అయినా అంత దగ్గరగా వచ్చాడంటే నాకు గర్వంగా ఉంటుంది.

ముత్యాలన్నీ గుండ్రంగా ఉండవు. అనుమానమొస్తే కొలజాడీలో నీళ్లు పోసి వంద విడి ముత్యాలు వెయ్యి. 6 మిల్లీమీటర్లవి నిజంగా గుండ్రనివైతే నీటి మట్టం 11.3 మిల్లీలీటర్లు పెరగాలి. చదునువైతే అంత పెరగదు. తీశాక మెత్తటి గుడ్డతో తుడిచి ఆరనివ్వు. గుచ్చిన దండను మాత్రం నీళ్లలో వెయ్యకు, దారం నాని సాగుతుంది.

ఇట్లు
మీ మామయ్య