తీగ పీకే ముందు

కొత్త బాధ్యత చేతికి రాగానే పాతదంతా పీకి పారేయాలని చేతులు దురదపెడతాయి. కాసేపు ఆగండి. కంట్రోల్ డబ్బా ముందు నిలబడితే ఆ తొందరకు ఎంత ఖరీదో తెలుస్తుంది.

కేతేపల్లి లాంటి ఊళ్లో ఆ డబ్బా బోరు దగ్గరే ఉంటుంది. ఫోన్ కొడితే మోటారు నడిపే మొబైల్ స్టార్టర్ బిగించేటప్పుడు త్రీ ఫేజ్‌లో ఏ రెండు తీగలు తారుమారైనా మోటారు వెనక్కి తిరుగుతుంది. చప్పుడు వస్తుంది, నీళ్లే సరిగా రావు. దానికన్నా ఆగిన మోటారే నయం, కనీసం వెళ్లి చూస్తాం.

డాలస్‌లో సొంతిల్లు కొనుక్కున్న మనవాళ్లకు ఈ పరీక్ష గోడమీది థర్మోస్టాట్ దగ్గర ఎదురవుతుంది. అక్కడి మామూలు పద్ధతిలో 24 వోల్టుల తీగలుంటాయి: ఆర్ కరెంటుకు, వై చల్లదనానికి, డబ్ల్యూ వేడికి, జీ ఫ్యానుకు, సీ కరెంటు తిరిగి వెళ్లడానికి. వై, డబ్ల్యూ, జీ తీగలకు తెలిసిందల్లా ఆన్, ఆఫ్. ఏసీ యంత్రంతో మాట్లాడే కమ్యూనికేటింగ్ థర్మోస్టాట్‌కైతే సాధారణంగా నాలుగు తీగలు చాలు. రెండు కరెంటుకు, రెండు కబుర్లకు. ఎంత చల్లదనం కావాలో ఇది చెబుతుంది, తన హాలేమిటో యంత్రం బదులు చెబుతుంది. కాకపోతే తన కంపెనీ యంత్రంతోనే మాట్లాడుతుంది, పరాయిదైతే పలకదు. కొనేముందే చూసుకోవాల్సిన సంగతి ఇది.

అసలు మోసం రంగులో ఉంది. ఎర్ర తీగ ఆర్‌కే పోయిందన్న నమ్మకం లేదు. బిగించినాయన ఆ రోజు చేతికందినది పెట్టి ఉండొచ్చు. అందుకే మెయిన్ ఆపి, ఫొటో తీసి, తీగ ఏ అక్షరం కింద ఉందో చీటీ అంటించి, అప్పుడు విప్పాలి. యంత్రం వైపు కొసనూ చూడాలి. (బోరు మోటారు, ఏసీ కరెంటు తీగలైతే ఎలక్ట్రీషియన్‌కే వదిలేయండి. ధైర్యం చూపించే చోటు అది కాదు.)

కొత్త ఆఫీసులో మొదటి వారం ఇలాగే గడపండి. తలుపు మీది హోదా చూడకండి, ఫైలు ఎవరి చేతిమీదుగా కదులుతోందో చూడండి. పాతాయన్ని అడగండి: “అన్నా, ఇది గిట్లెందుకు పెట్టిన్రు?” జవాబు నచ్చకపోయినా రాసిపెట్టుకోండి.

థర్మోస్టాట్ వెనక గోడలో దేనికీ తగిలించకుండా చుట్టి వదిలేసిన తీగ కనబడితే కత్తిరించొద్దు. కొత్త డిజిటల్ థర్మోస్టాట్ సీ తీగ అడిగినప్పుడు చాలా ఇళ్లలో అక్కరకొచ్చేది అదే.